అమ్మమ్మది ఒక భాష... మనవడిది మరొకటి

తైవాన్ రాజధాని తైపేలో మెట్రో రైలెక్కితే రాబోయే స్టేషన్ పేరు ఒక్కసారి చెప్పి ఊరుకోరు. మాండరిన్ చైనీస్‌లో చెబుతారు, ఇంగ్లిషులో చెబుతారు, హొక్కియెన్‌లో చెబుతారు, హక్కాలో చెబుతారు. దగ్గరి స్టేషనైతే ఈ జాబితా పూర్తయ్యేలోగా రైలు అక్కడికి చేరిపోయేలా ఉంటుంది! పేరు ఒకటే కదా, ఇన్నిసార్లెందుకు అని కొత్తవాళ్లకు నవ్వొస్తుంది. కానీ హొక్కియెన్, హక్కాలకు ఆ మైకులో చోటు ఊరికే దొరకలేదు. బస్సుల్లో, రైళ్లలో ఈ భాషల్లోనూ ప్రకటనలు ఉండాల్సిందేనని 2000లో ఏకంగా చట్టమే చేయాల్సి వచ్చింది.

తైవాన్ పెద్ద దేశమేమీ కాదు. పాత కర్నూలు, అనంతపురం జిల్లాలు రెండూ కలిపితే ఎంతో దాదాపు అంత. జనాభా 2 కోట్ల 30 లక్షల పైచిలుకు. అంత చిన్న దీవిలో అన్ని భాషలా? అదే విచిత్రం.

చైనీస్ అనగానే అంతా ఒకటే భాష అనుకుంటాం. మాండరిన్ మాత్రమే వచ్చినవాళ్ల ముందు హొక్కియెన్ మాట్లాడితే, తమిళం రాని తెలుగువాడి ముందు తమిళం మాట్లాడినట్టే. పొద్దున్నే మనం తాగేదాన్నే తీసుకోండి. మాండరిన్‌లో దాన్ని 'ఛా' అంటారు, హొక్కియెన్‌లో 'తె' అంటారు. సముద్రం మీద వచ్చిన డచ్చి వ్యాపారులు ఈ 'తె'ను పట్టుకెళ్లారు. అది యూరప్ చేరి 'టీ' అయింది. నేల దారిన పర్షియా మీదుగా నడిచొచ్చిన 'ఛా' చాయ్‌గా మారింది. గుంటూరులో టీ, హైదరాబాద్‌లో చాయ్... రెండూ చైనా మాటలే, వచ్చిన దారులే వేరు.

ఆ హొక్కియెన్ మాట్లాడే జనం 17వ శతాబ్దం నుంచి ఎదురుగా ఉన్న ఫుజియాన్ తీరం వదిలి తైవాన్‌కు పెద్ద సంఖ్యలో తరలివచ్చారు. హక్కావాళ్లూ వచ్చారు. మాండరిన్ అయితే మరీ ఆలస్యంగా, 1945 తర్వాత ప్రభుత్వంతో పాటు దిగింది. మరి వీళ్లందరికంటే ముందు ఆ దీవి ఎవరిది?

అక్కడి ఆదివాసులది. వాళ్ల భాషలకు చైనీస్‌తో చుట్టరికం లేదు. మలేసియాలో స్థిరపడ్డ తెలుగు కుటుంబాలకు 'లిమా' అంటే అయిదని చెప్పక్కర్లేదు, అది అక్కడి మలయ్ మాట. ఫిలిప్పీన్స్‌లో, హవాయిలో కూడా అయిదును లిమా అనే అంటారు. న్యూజిలాండ్ మావోరీలకు రిమా. తైవాన్ కొండల్లోని పైవాన్‌లకు, తూర్పు తీరంలోని అమిస్‌లకు కూడా లిమాయే! మడగాస్కర్ నుంచి ఈస్టర్ దీవి దాకా పరుచుకున్న ఈ ఆస్ట్రొనేషియన్ భాషా కుటుంబానికి పుట్టిల్లు తైవానే అని ఎక్కువమంది పండితుల మాట. కుటుంబంలో పది ప్రధాన శాఖలుంటే తొమ్మిది ఈ ఒక్క దీవిలోనే ఉన్నాయని అమెరికన్ భాషావేత్త రాబర్ట్ బ్లస్ట్ 1999లో లెక్కగట్టాడు. ఆ పదో శాఖ ఒక్కటే పడవలెక్కి సగం భూగోళం తిరిగిందన్నమాట.

అలాంటి పుట్టింట్లో ఇప్పుడు ఆదివాసులు సుమారు 6 లక్షల మంది. ప్రభుత్వం గుర్తించిన తెగలు 16.

చైనా నుంచి తొలినాళ్లలో వచ్చినవాళ్లలో చాలామంది ఒంటరి మగాళ్లు. ఇక్కడి మైదాన తెగల ఆడపిల్లల్ని పెళ్లాడారు. 'చైనా తాత ఉన్నాడు గానీ చైనా నాయనమ్మ లేదు' అనే అర్థంలో తైవాన్‌లో ఓ నానుడి కూడా ఉంది. హొక్కియెన్‌లో భార్యను 'ఖన్-ఛియు' అంటారు. అంటే చేయి పట్టుకోవడం. మన పాణిగ్రహణమే! ఇది మైదాన తెగల పెళ్లి ఆచారం నుంచి వచ్చిందని చెబుతారు. నాయనమ్మల భాషలు చాలావరకు పోయాయి కానీ, భార్యను పిలిచే మాట మాత్రం మిగిలింది.

1895 నుంచి 1945 దాకా జపాన్ పాలన. అప్పుడు వచ్చిన మాటలు వంటింట్లో, వీధిలో ఇంకా తిరుగుతూనే ఉన్నాయి. రొట్టెను తైవాన్ హొక్కియెన్‌లో 'ఫాంగ్' అంటారు. పోర్చుగీసువాళ్ల 'పావ్' జపాన్ వెళ్లి 'పాన్' అయి, అక్కడి నుంచి తైవాన్ చేరింది. మన పావ్‌భాజీలో ఉన్నదీ ఆ పావే. ఈశాన్యాన యీలాన్ కొండ పల్లెల్లో అయితే ఇంకో తమాషా. జపాన్ అధికారులు వేర్వేరు చోట్ల నుంచి తరలించి ఒకచోట కుదిర్చిన ఆదివాసుల మధ్య జపనీస్, అతాయల్ కలగలిసి ఏకంగా ఓ కొత్త భాషే పుట్టింది. అది జపనీయులకూ అర్థం కాదు, మిగతా అతాయల్ ఊళ్లకూ అర్థం కాదు. జపాన్‌వాళ్లు వెళ్లిపోయి ఎనభై ఏళ్లయినా ఆ ఊళ్లలో పెద్దవాళ్ల నోట అది ఇంకా బతికే ఉంది.

జనం కలిస్తే భాషలూ ఇలాగే కలుస్తాయి. గొడవంతా బడి దగ్గర వచ్చింది. 1949లో మొదలైన సైనిక చట్టం 1987 దాకా సాగింది. బడిలో మాండరిన్ తప్ప వేరే మాట వినబడకూడదు. ఇంటి భాష నోరు జారి వచ్చిందా... జరిమానా. లేదంటే మెడలో పలక. అది తగిలించుకున్న పిల్లాడు, ఇంకో పిల్లాడు నోరు జారేదాకా కాపు కాసి వాడి మెడలో వేసి బయటపడాలి. తోటివాడి మాట మీద నిఘా పెట్టడం అలా అలవాటైంది. ఇదంతా ఎక్కడో పరాయి దేశపు గోల అనుకోనక్కర్లేదు. 2009లో కడప జిల్లాలో ఓ ఇంగ్లిషు మీడియం బడి తెలుగు మాట్లాడిన పిల్లల మెడల్లో ఇలాంటి పలకలే వేసింది. ఆ ఫొటోలు పత్రికల్లో వచ్చి పెద్ద దుమారమే రేగింది.

ఆ పలక మోసిన పిల్లలే పెద్దయ్యారు, తల్లిదండ్రులయ్యారు. తమ పిల్లలకు ఆ అవమానం వద్దనుకున్నారో ఏమో, ఇంట్లోనూ మాండరిన్‌లోకి మారిపోయారు. వాళ్లను తప్పుపట్టడం తేలికే. కానీ పిల్లాడికి మార్కులు, ఉద్యోగం ఏ భాషలో ఉంటే తల్లి ఆ భాషే నేర్పుతుంది.

సైనిక చట్టం పోగానే జనం నోరు తెరిచారు. 1988 డిసెంబరు 28న హక్కాలు 'మా తల్లి భాష మాకివ్వండి' అంటూ తైపే వీధుల్లో ఊరేగారు. సన్ యట్-సెన్ బొమ్మ నోటికి మాస్కు కట్టి మరీ నడిచారు. తర్వాత ఒక్కొక్కటిగా దక్కాయి. 2001 నుంచి ప్రాథమిక బడుల్లో ఇంటి భాషకు వారానికో పీరియడు, 2003లో హక్కా టీవీ, 2005లో ఆదివాసీ టీవీ. 2017లో ఆదివాసీ భాషలకు, 2019లో మిగతావాటితో కలిపి అన్నిటికీ జాతీయ భాషల హోదా ఇస్తూ చట్టాలు. 2024లో అయితే, చైనీస్ అక్షరాలు లేకుండా సొంత భాషా పేరు ఒక్కటే గుర్తింపు కార్డు మీద రాయించుకునే హక్కు కూడా ఆదివాసులకు వచ్చింది.

ఇన్ని వచ్చాక భాషలు నిలబడ్డాయా? 2020 జనగణనలో మూడింట రెండొంతుల మంది తాము ప్రధానంగా వాడేది మాండరిన్ అన్నారు. వృద్ధుల్లో ఎక్కువమందిది హొక్కియెన్ కాగా, 6 నుంచి 14 ఏళ్ల పిల్లల్లో అలా చెప్పినవారు పదింట ఒక వంతు కూడా లేరు. కోటిమందికి పైగా వచ్చిన భాష గతే ఇది. వందలమందే మిగిలిన భాషల సంగతి చెప్పేదేముంది? వారానికి నలభై నిమిషాల పాఠం ఎంత గట్టిగా చెప్పినా, బడి గంట కొట్టగానే పిల్లలు మాండరిన్‌లోనే ఆడుకుంటారు.

మధ్య తైవాన్‌లోని పూలీ పట్నంలో పాన్ జిన్-యూ అనే అవ్వ ఉండేది. పజెహ్ అనే మైదాన తెగ భాష బాగా వచ్చినవారిలో ఆఖరి మనిషి ఆవిడ. తొంభై దాటినా ఓపిక చేసుకుని తరగతులు చెప్పింది. దాదాపు రెండు వందల మంది నేర్చుకున్నారు. పండితులు 2001లోనే పజెహ్ నిఘంటువు అచ్చేశారు. 2010 అక్టోబరులో, 96వ ఏట ఆవిడ పోయింది. నిఘంటువు ఉంది, పాఠాలున్నాయి. కానీ ఉయ్యాల నాటి నుంచి ఆ మాట మాట్లాడినవారు మాత్రం లేరు.

సిరాయా తెగది ఇంకాస్త వేరు కథ. 19వ శతాబ్దంలోనే వాళ్ల భాష నోళ్ల మీంచి పోయింది. అయితే 1661లో డచ్చి మతబోధకుడు డేనియల్ గ్రావియస్ మత్తయి సువార్తను సిరాయాలో అచ్చు వేయించి ఉన్నాడు. డచ్చివాళ్లు పోయినా ఒకటిన్నర శతాబ్దం పాటు సిరాయాలు ఆ రోమన్ లిపిలోనే పొలం కాగితాలు రాసుకున్నారు. ఇప్పుడు వాళ్ల మునిమనవలు తైనాన్ ప్రాంతంలో ఆ సువార్తను ముందేసుకుని, మాట తర్వాత మాట ఏరుకుంటూ నేర్చుకుంటున్నారు. చెప్పేందుకు అవ్వ లేని పాఠం అది.

దక్షిణాన పైవాన్‌ల పరిస్థితి కాస్త నయం. ఇంకా అవ్వలున్నారు. పైవాన్ భాషలో అవ్వనైనా తాతనైనా 'వువు' అంటారు. అవ్వ మనవడిని పిలిచేదీ 'వువు' అనే, మనం కొడుకును 'నాన్నా' అన్నట్టు. ఆ తర్వాత అవ్వ అడిగేదంతా పైవాన్‌లో, మనవడి జవాబు మాండరిన్‌లో!