సీసా మీది పువ్వు మన బంతేనా?

కరీంనగర్, ఆదిలాబాద్ పల్లెల్లో తంగేడు, గునుగుతో పాటు బతుకమ్మలో ఒదిగే బంతి పుట్టిల్లు మెక్సికో! మరి హోమియో షాపులో గాయాలకిచ్చే కాలెండులా? బొమ్మ చూస్తే బంతే అనిపిస్తుంది. కాదు. ఇంగ్లిషువాళ్లు రెండింటినీ మేరీగోల్డ్ అనడంతో వచ్చిన తంటా ఇది. కుటుంబం ఒకటే, చామంతిది. జాతులే వేరు. బంతి ఆకు దువ్వెనలా చీలి, నలిపితే ఘాటు కొడుతుంది. కాలెండులా ఆకుకు చీలికలుండవు.

సీసా మందు బదులు పెరటి బంతిని నూరి పుండుకు పెట్టకండి. బంతి నూనె రాసుకుని ఎండలోకెళితే చర్మం కమిలే ప్రమాదముందని ఐరోపాలో సౌందర్య సాధనాల్లో దాని వాడకానికి పరిమితులు పెట్టారు. బంతి సత్తువంతా వేళ్లలోనే... టమాటా, వంగ వేళ్లకు బుడిపెలు తెచ్చే నులిపురుగుల్ని అణిచేస్తాయి. ఈసారి మడి గట్టున నాలుగు మొక్కలు కాదు, కూరగాయలు వేసేముందు మడి నిండా బంతి వేసి చూడండి.