ఇరవై రూపాయల నూనె మీద సుంకం

పోయిన భాగంలో మార్కాపురం పలకల గనుల గురించి రాశాను. అది చదివి గిద్దలూరు నుంచి ఒక తమ్ముడు ఫోన్ చేశాడు. "అక్కా, గనుల సంగతి సరే. మా అమ్మ నూనె సీసా గురించి ఎప్పుడు రాస్తావు?" అన్నాడు. ఈ భాగం ఆ సీసా గురించే.

పొద్దుగూకాక మా పల్లె కిరాణా కొట్టు ముందు నిలబడి చూడండి. మిరపకోత నుంచి వచ్చిన మనిషి కొంగుముడి విప్పి, "అన్నా, ఇరవై రూపాయల నూనె పొయ్యి" అంటుంది. లీటరు ప్యాకెట్ అడగదు. ఆ రోజు కూలిలో బియ్యానికీ, పిల్లాడి మందుకూ పోగా నూనెకు మిగిలింది ఆ ఇరవయ్యే. కొట్టాయన డబ్బాలోంచి పామాయిల్ పోస్తాడు. 2024 దసరా నాటికి ఆ సీసాలో నూనె రెండు వేళ్లు కిందికి దిగింది. కూలి మాత్రం పెరగలేదు.

ఎందుకు దిగింది? 2024 సెప్టెంబరు 14న కేంద్రం ముడి పామాయిల్, సోయా, సన్‌ఫ్లవర్ నూనెల దిగుమతి సుంకం పెంచింది. సెస్సులన్నీ కలిపి వంద రూపాయల సరుకు మీద అయిదున్నర ఉండే సుంకం ఒక్కసారిగా ఇరవై ఏడున్నర అయింది. సుంకం ఒక్కటే కారణమని నేను అనను. ఇండోనేషియా తన పామాయిల్‌ను 2025 నుంచి డీజిల్లో నలభై శాతం దాకా కలుపుతోంది. 2022 ఏప్రిల్ చివర్లో అదే దేశం ఎగుమతులే ఆపేస్తే మూడు వారాలకు పైగా మన కొట్లలో గగ్గోలు పుట్టింది. 2023-24లో ఈ దేశం తెప్పించుకున్న వంటనూనె సుమారు 160 లక్షల టన్నులు. అందులో సుమారు 90 లక్షల టన్నులు పామాయిలే. జకార్తాలో తీసుకున్న నిర్ణయం మా పల్లె పొయ్యి దాకా వస్తుంది. అయితే జకార్తా మన చేతిలో లేదు. సుంకం ఢిల్లీ చేతిలో ఉంది. ఢిల్లీని అడగొచ్చు.

అడిగితే వచ్చే జవాబు "రైతు కోసం." ఏ రైతు? ఆ ఏడాది మహారాష్ట్ర, మధ్యప్రదేశ్‌లలో సోయా ధర క్వింటాలుకు రూ.4,892 మద్దతు ధర కంటే కిందికి పడింది. మహారాష్ట్రలో ఎన్నికలు దగ్గరపడ్డాయి. సుంకం పెరిగింది. మరి సోయా రైతు గట్టెక్కాడా? లేదు. ఆ సీజన్లో మార్కెట్లో సోయా మద్దతు ధరను అందుకోనేలేదు. రైతుకు దక్కలేదు, కూలి మాత్రం కట్టింది. 2025 మే చివర్లో ముడి నూనె సుంకాన్ని పదహారున్నరకు దించి, శుద్ధి చేసిన నూనె మీద 35.75 శాతాన్ని అలాగే ఉంచారు. మధ్యలో పంతొమ్మిది శాతం పైగా తేడా. ఈ దేశంలో శుద్ధి చేసే మిల్లులకు అది కంచె. ఆ కంచె కట్టడానికి కర్రలు మా పొయ్యి కిందివే.

"దిగుమతులు మానేసి మనమే పండించుకుందాం" అంటారు. మంచిదే. 2021 ఆగస్టులో రూ.11,040 కోట్లతో ఆయిల్ పామ్ మిషన్ ప్రకటించారు. లెక్క వేద్దాం. ఎకరాకు 57 మొక్కలు. వేసవిలో చెట్టుకు రోజుకు సుమారు 200 లీటర్ల నీళ్లు. ఎకరాకు రోజుకు పదకొండు వేల లీటర్లు దాటుతుంది. గెలలు కోతకు రావడానికి మూడు నాలుగేళ్లు ఆగాలి. డ్రిప్పు రాయితీకి పాసుపుస్తకం కావాలి, బోరు కావాలి, కరెంటు కనెక్షన్ కావాలి. 1996లో శంకుస్థాపన జరిగిన వెలిగొండ నీళ్లు ఇంకా మా చేలకు రాలేదు. ట్యాంకరు వచ్చిన రోజు మా వాడలో బిందెల దగ్గర కొట్లాటలు. సెంటు భూమి లేని మాదిగ మనిషికి ఆ మిషన్‌లో ఎక్కడ చోటు? ఏలూరు, పశ్చిమ గోదావరి రైతుకు మేలు జరిగితే నాకు సంతోషమే. ఆ మేలు ఖర్చు ఇరవై రూపాయల సీసా నుంచి లాగొద్దంటున్నాను.

ఇంకో మాట. స్టాఫ్ రూమ్‌లో ఒక సహోద్యోగి అన్నారు: "పామాయిల్ విషం మేడం, గానుగ నూనెకు మారండి." పామాయిల్ కొవ్వులో దాదాపు సగం సంతృప్త కొవ్వే, గుండెకు మంచిది కాదు, ఒప్పుకుంటాను. కానీ ఆయన ఆ మాట అంటూ తింటున్న క్రీమ్ బిస్కెట్ వెనక చదవమన్నాను. పామాయిల్ అని రాసి ఉంది. ఆయనా తింటున్నారు, మేమూ తింటున్నాం. మేము సీసా పట్టుకుని అడిగి తెచ్చుకుంటాం కాబట్టి మాకు పేరు పడింది. తిండికి అంటరానితనం అంటించడం ఈ దేశానికి కొత్త కాదు. మాంసం అయింది, ఇప్పుడు నూనె.

గానుగ నూనె మాకు తెలియనిదా? మా నాయనమ్మ శెనక్కాయ చేలల్లో పీకుడు అయిపోయాక పరిగె ఏరేది. ఆసాములు వదిలేసిన కాయలు మట్టిలో వేళ్లతో కెలికి ఏరి, ఎండబెట్టి, ఒలిచి, గానుగకు పంపేది. ఆ సీసా పండక్కి మాత్రమే దించేవాళ్లం. వానలు తప్పి, శెనక్కాయ తగ్గి, పరిగె పోయింది. అప్పుడు మా చట్టిలోకి వచ్చింది పామాయిల్. అది మేము కోరుకున్న రుచి కాదు, మాకు అందిన ధర. ఇప్పుడు ఆ ధర కూడా అందకుండా చేసి ఆరోగ్య సూత్రాలు చెబుతున్నారు.

ప్రభుత్వానికి దారి తెలియక కాదు. 2013లో ఉమ్మడి రాష్ట్రంలో "అమ్మహస్తం" సంచీలో తొమ్మిది సరుకులు రూ.185కు ఇచ్చారు. అందులో లీటరు పామోలిన్ ఉంది. 2024 అక్టోబరులో ధరలు మండినప్పుడు మన రాష్ట్ర ప్రభుత్వం వ్యాపారులతో మాట్లాడి లీటరు పామోలిన్ రూ.110కి అమ్మించింది, అదీ ఆ నెలాఖరు దాకే. పక్కనే తమిళనాడులో రేషన్ కార్డు మీద లీటరు పామాయిల్ రూ.25. అక్కడ వీలయింది ఇక్కడ ఎందుకు కాదు?

మన డిమాండ్ ఒక్కటే. వంటనూనె మీద వసూలు చేసిన సుంకంలోంచి ప్రతి రేషన్ కార్డుకూ నెలకు లీటరు నూనె ఇవ్వాలి. ఒక్క పండగ నెలకు కాదు, పన్నెండు నెలలూ. రైతును కాపాడాలంటే పంట కొనండి, మద్దతు ధర ఇవ్వండి. ఆ భారం కూలి మనిషి మీద వెయ్యకండి.

తమ్ముళ్లూ చెల్లెళ్లూ, ఈ సెలవుల్లో ఇంటికి పోయినప్పుడు ఒక పని చేయండి. మీ పల్లెలో ఇరవై ఇళ్లు తిరగండి. వారానికి ఎంత నూనె, ఎన్నిసార్లు, ఎంతెంత కొంటున్నారో నోటుబుక్కులో రాయండి. చిల్లరగా కొన్నదానికి లీటరు ధర ఎంత పడుతోందో లెక్క కట్టండి. లీటరు ప్యాకెట్ కొనగలిగే ఇంటికన్నా కొనలేని ఇల్లే ఎక్కువ కడుతోందని మీకే తెలుస్తుంది. ఆ కాగితాలతో సోమవారం గ్రీవెన్స్‌కు కలిసి పోదాం. మార్కాపురంలో నేను ముందు నిలబడతాను.

మా అమ్మల సీసాలో తగ్గిన రెండు వేళ్ల నూనెకు లెక్క చెప్పేదాకా అడుగుదాం.

జై భీమ్.