ముప్పావలా మిత్తికి ముప్పై అయిదు లక్షలు

కరీంనగర్, ఆదిలాబాద్ పల్లెల్లో మిత్తి లెక్క తెలియనివారు ఉండరు. నూటికి నెలకు రెండు రూపాయలంటే ఏడాదికి ఇరవై నాలుగు, మూడు రూపాయలంటే ముప్పై ఆరు. బడి మొహం చూడని ముసలమ్మ కూడా నోటితోనే చెప్పేస్తుంది. ఏడాదికి 9 శాతం చొప్పున బ్యాంకు ఇచ్చే ఇంటి అప్పు ఈ లెక్కలో ముప్పావలా మిత్తి. షావుకారు దగ్గర ఏనాడూ దొరకని రేటు. అందుకే బొమ్మకల్‌లో జాగ కొన్నవాడైనా, మంచిర్యాల పక్కన నస్పూర్‌లో ఇల్లు మొదలుపెట్టినవాడైనా, మావలలో ఫ్లాటు చూసుకున్నవాడైనా బ్యాంకుకు వెళ్లి రెండే అడుగుతున్నారు: మిత్తి ఎంత, నెల కిస్తీ ఎంత. మొత్తం ఎంత కట్టాల్సి వస్తుందని అడిగేవారు అరుదు. అడగనిదే చెప్పే బ్యాంకు అంతకన్నా అరుదు.

అడిగినా అడగకపోయినా ఆ అంకెను తెలుగులో, సంతకానికి ముందు, పెద్ద అక్షరాల్లో చూపించి తీరాలన్నది మా వాదన. ఇది దయాదాక్షిణ్యాల వ్యవహారం కాదు. రిజర్వు బ్యాంకు నియమాల్లో ఇప్పటికే ఉన్న బాధ్యత. దాన్ని అమలు చేయించే పనిని జిల్లా యంత్రాంగం భుజాన వేసుకోవాలి.

లెక్క చూద్దాం. 30 లక్షల అప్పు, 9 శాతం వడ్డీ, 20 ఏళ్ల గడువు. నెల కిస్తీ 26,992 రూపాయలు. 240 కిస్తీలు పూర్తయ్యేసరికి చెల్లించేది 64 లక్షల 78 వేలు. అసలు పోను మిత్తి 34 లక్షల 78 వేలు. ఒక ఇల్లు కట్టుకుని ఒకటికి మించిన ఇంటి ధరను మిత్తి కింద పోస్తున్నామన్నమాట. ఇందులో మోసం లేదు. ఇరవై ఏళ్లు ఒకరి డబ్బు వాడుకుంటే దాని ఖరీదు అంత. కానీ ఆ ఖరీదు తెలియకుండా కొనడం, తెలియనివ్వకుండా అమ్మడం వేరే సంగతి.

మొదటి నెల కిస్తీని విప్పి చూస్తే ఎవరికైనా గుండె ఝల్లుమంటుంది. 26,992లో మిత్తికే 22,500 పోతుంది. అసలులోంచి తగ్గేది 4,492. ఇలా ఐదేళ్లు ఒక్క నెల తప్పకుండా కట్టినవాడు 16 లక్షల 20 వేలు చెల్లించి ఉంటాడు. బాకీ మాత్రం ఇంకా 26 లక్షల 61 వేలు! బిడ్డ పెళ్లికనో, కొడుకు చదువుకనో అప్పుడు ఇల్లు అమ్మి బాకీ తీర్చేద్దామని బ్యాంకుకు వెళ్లినవాడు ఆ అంకె చూసి లెక్క తప్పిందని గొడవపడతాడు. లెక్క తప్పలేదు. మొదటి రోజు చూపించాల్సిన పట్టికను ఐదేళ్ల తర్వాత చూపించారు, అంతే.

ఇక గడువు సంగతి. ఇదే అప్పును 15 ఏళ్లలో తీర్చాలనుకుంటే కిస్తీ 30,428 అవుతుంది. నెలకు 3,436 రూపాయలు ఎక్కువ. దానికి బదులుగా మిగిలే మిత్తి దాదాపు సరిగ్గా 10 లక్షలు. కరీంనగర్‌లో ఇద్దరు పిల్లలున్న టీచరు కుటుంబానికి నెలకు మూడున్నర వేలు తేలికేమీ కాదు; అలాగని అందరికీ మోయలేని బరువూ కాదు. ఏది ఎంచుకోవాలో ఆ కుటుంబం తేల్చుకుంటుంది. రెండు అంకెలు పక్కపక్కన పెట్టి చూపించకుండా, కిస్తీ తక్కువ పడుతుందంటూ 25, 30 ఏళ్ల గడువు అంటగట్టడం మాత్రం సలహా అనిపించుకోదు. పన్ను మినహాయింపు వస్తుంది కదా అని కొందరు ఓదారుస్తారు. సొంతంగా ఉండే ఇంటి మిత్తికి కొత్త పన్ను విధానంలో ఆ మినహాయింపు లేదు.

అసలు దెబ్బ మారే రేటులో ఉంది. కరోనా కాలంలో, 2020 మేలో రెపో రేటు, అంటే రిజర్వు బ్యాంకు బ్యాంకులకు అప్పిచ్చే రేటు, 4 శాతానికి దిగింది. ఆ చవక రోజుల్లో 6.7 శాతానికి ఇంటి అప్పులు దొరికాయి. 2022 మే నుంచి 2023 ఫిబ్రవరి దాకా రిజర్వు బ్యాంకు రెపోను 6.5 శాతానికి పెంచుకుంటూ పోయింది. రెండున్నర శాతం పెరుగుదల. ఆ భారాన్ని చాలా బ్యాంకులు కిస్తీ మీద వేయలేదు, గడువు మీద వేశాయి. కిస్తీ మారలేదు గనుక ఇంట్లో ఎవరికీ తెలియలేదు. 6.7 శాతానికి 20 ఏళ్ల గడువుతో 30 లక్షలు తీసుకున్నవాడి కిస్తీ 22,722. రెండేళ్లు కట్టాక బాకీ 28 లక్షల 47 వేలు. అప్పుడు రేటు 9.2కి చేరిందనుకుందాం. నెల మిత్తే 21,828. కిస్తీలో అసలుకు జమయ్యేది 900 రూపాయలు కూడా లేదు. అదే కిస్తీ కొనసాగిస్తే మిగిలిన పద్దెనిమిదేళ్ల గడువు ముప్పై ఐదేళ్లు దాటిపోతుంది. నలభై ఏళ్ల వయసులో సంతకం పెట్టినవాడు డెబ్బై ఏడో ఏట కూడా కిస్తీ కడుతూనే ఉండాలి. పింఛను రాని ప్రైవేటు ఉద్యోగికి దీని అర్థం ఏమిటో వివరించనక్కర్లేదు.

ఈ నిర్వాకం చూశాకే రిజర్వు బ్యాంకు 2023 ఆగస్టు 18న ఆదేశాలిచ్చింది. రేటు మారినప్పుడు కిస్తీ పెంచాలా, గడువు పెంచాలా, రెండూ కొంత కొంతా అన్నది రుణగ్రహీతను అడగాలి. ఇప్పటిదాకా ఎంత అసలు, ఎంత మిత్తి కట్టాడు, ఇంకా ఎన్ని కిస్తీలున్నాయి అన్న వివరం మూడు నెలలకోసారి సులువుగా అర్థమయ్యేలా అందించాలి. 2024 ఏప్రిల్ 15న మరో అడుగు పడింది. ఆ ఏడాది అక్టోబరు 1 నుంచి ఇచ్చే ప్రతి రిటైల్ అప్పుకూ ముందుగా ‘కీలక వివరాల పత్రం’ చేతికివ్వాలి. ఫీజులన్నీ కలిపి అసలు వార్షిక ఖర్చు ఎంత శాతమో, మొత్తం ఎంత తిరిగి కట్టాలో, కిస్తీల పట్టిక ఎలా ఉంటుందో అందులో ఉండాలి. అది రుణగ్రహీతకు అర్థమయ్యే భాషలో ఉండాలి. వివరించి చెప్పి, అర్థమైందని సంతకం తీసుకోవాలి. ఆలోచించుకోవడానికి కనీసం మూడు పనిదినాలు ఇవ్వాలి. అందులో రాయని ఫీజును రుణగ్రహీత ఒప్పుకోకుండా వసూలు చేయడానికి వీల్లేదు.

నియమం ఇంత చక్కగా ఉంది. మరి మన ఊళ్ల శాఖల్లో జరుగుతున్నదేమిటి? పెన్సిల్‌తో టిక్కు పెట్టిన చోటల్లా సంతకాలు. యాభై, అరవై పేజీల ఇంగ్లిషు కట్ట. ‘ఇక్కడ పెట్టండి సార్, ఇక్కడ, ఇక్కడ’ అనే కుర్రవాడు. కీలక వివరాల పత్రం కూడా ఆ కట్టలోనే ఎక్కడో ఉంటుంది, ఇంగ్లిషులో. ‘నాకు అర్థమయ్యే భాషలో వివరించారు’ అన్న వాక్యం కింద, అర్థంకాని భాషలో, సంతకం పడిపోతుంది. తెలుగు చదవడం వచ్చిన జిల్లాలో తెలుగు పత్రం ఇవ్వకపోవడానికి బ్యాంకు చూపించగల కారణం ఒక్కటీ లేదు. తన డిపాజిట్ ప్రకటనలను మాత్రం కరీంనగర్ టవర్ సర్కిల్ దాకా తెలుగులోనే వేస్తుంది కదా!

చదువుకున్నవాళ్లే కదా, చూసుకోవాల్సింది వాళ్లేనని బ్యాంకు అధికారులు అంటారు. కొంత నిజమే. చీర కొనడానికి నాలుగు కొట్లు తిరిగేవాళ్లం, ముప్పై లక్షల అప్పుకు ఒక్క బ్యాంకుతో సరిపెట్టుకుంటాం. కానీ చక్రవడ్డీ పట్టికను మనసులో వేసుకోగల గణిత పండితుడు అప్పు తీసుకునేవాళ్లలో ఎంతమంది? ఆ పట్టిక బ్యాంకు కంప్యూటర్‌లో ఒక్క మీట దూరంలో ఉంది. తెలిసినవాడు దాచి, తెలియనివాడిని తప్పుపట్టడం న్యాయం కాదు.

అప్పుకు తగిలించే బీమా ఇంకో కథ. లక్ష రూపాయల ఏకకాల ప్రీమియాన్ని అప్పులోనే కలిపేస్తారు. జేబులోంచి ఏమీ పోలేదనిపిస్తుంది. 9 శాతం చొప్పున ఇరవై ఏళ్లలో ఆ లక్షకు 2 లక్షల 16 వేలు కడతాం. బీమా ఉండటం మంచిదే, కానీ అప్పిచ్చిన శాఖలోనే, అప్పులో కలిపే తీసుకోవాలన్న నిబంధన రిజర్వు బ్యాంకు పెట్టలేదు.

తెలిస్తే మనిషి ఏం చేయగలడో చెప్పడానికి సింగరేణి చాలు. గోదావరిఖని, మంచిర్యాల, శ్రీరాంపూర్, బెల్లంపల్లి కార్మికులకు దసరా ముందర లాభాల వాటా వస్తుంది. 2024లో లాభాల్లో 33 శాతం పంచినప్పుడు సగటున ఒక్కొక్కరికి 1 లక్షా 90 వేలు వస్తుందని ప్రభుత్వం చెప్పింది. పైన చెప్పిన 30 లక్షల అప్పులో మొదటి ఏడాది చివర ఆ లక్షా తొంభై వేలను అసలుకు జమ చేశారనుకోండి. కిస్తీ అదే ఉంచి గడువు తగ్గించమంటే 34 కిస్తీలు ఎగిరిపోతాయి. ఏడు లక్షలకు పైగా మిత్తి మిగులుతుంది. అదే సొమ్ము పదిహేనో ఏట కడితే ఈ ఫలితంలో చిన్న ముక్కే దక్కుతుంది. మారే రేటు మీద వ్యక్తులు తీసుకున్న ఇంటి అప్పును ముందే తీరిస్తే జరిమానా వేయకూడదన్న నియమం బ్యాంకులకు 2012 నుంచే ఉంది. ఈ సంగతిని బావి గేటు దగ్గర బోర్డు పెట్టి చెప్పాల్సిన బాధ్యత కార్మిక సంఘాలది కాదా? వాటా శాతం కోసం కొట్లాడినంత పట్టుదల, వాటా ఎక్కడ పెడితే లాభమో చెప్పడంలోనూ చూపించాలి.

రెపో రేటు 2025లో నాలుగు విడతల్లో 5.25 శాతానికి దిగింది. పెరిగినప్పుడు సాగిన గడువు, తగ్గినప్పుడు వెనక్కి వచ్చిందా అన్నది ప్రతి ఒక్కరూ తమ ఖాతా తెరిచి చూసుకోవాలి. రెపోతో ముడిపడని పాత పద్ధతి రేటుకే కట్టుబడి ఉన్న ఖాతాలకు ఈ తగ్గుదల సగం కూడా చేరకపోవచ్చు.

బ్యాంకు గడప బయట జరిగేది ఇంకా ఘోరం. గల్ఫ్ వీసా కోసం, ఆసుపత్రి కోసం, వ్యాపారంలో పడ్డ బొక్క పూడ్చడం కోసం జగిత్యాల, సిరిసిల్ల వైపు ఇల్లూ పొలమూ కుదువ పెట్టేవారికి మూడు రూపాయల మిత్తి మామూలే. ఆ మిత్తికన్నా ప్రమాదకరమైనది కాగితం. కుదువ దస్తావేజు రాయరు, నేరుగా అమ్మకం దస్తావేజే రిజిస్టర్ చేయించుకుంటారు. బాకీ తీరాక తిరిగి రాసిస్తామన్నది నోటి మాట. 2015లో కరీంనగర్‌లో ఒక ప్రైవేటు పాఠశాల యజమాని ఆత్మహత్య తర్వాత, పోలీసు శాఖకే చెందిన ఒక ఏఎస్‌ఐ వడ్డీ వ్యాపారం మీద సీఐడీ దర్యాప్తు జరిగింది. అప్పుకు పూచీగా ఆస్తులు రాయించుకుని తిరిగి ఇవ్వలేదని అప్పట్లో ఫిర్యాదులు వరుసకట్టాయి. 1882 నాటి ఆస్తి బదిలీ చట్టం బాకీ తీర్చి ఆస్తి విడిపించుకునే హక్కును 60వ సెక్షన్‌లో ఇచ్చింది. కానీ తిరిగి రాసిచ్చే షరతు అదే అమ్మకం దస్తావేజులో ఉంటేనే అది తాకట్టు అవుతుందని 58వ సెక్షన్ చెబుతోంది. షరతు లేని దస్తావేజు మీద సంతకం చేసినవాడికి కోర్టులో మిగిలేది ఏళ్ల తరబడి తిరగడమే. మూడు రూపాయల మిత్తికి అప్పు తెచ్చాననుకున్నవాడు నిజానికి ఇల్లే అమ్మేసుకున్నాడు. రిజిస్ట్రేషన్ కార్యాలయాల్లో ఈ హెచ్చరికను గోడ మీద రాయడానికి సర్కారుకు అయ్యే ఖర్చు ఒక డబ్బా రంగు.

చట్టం ఒకప్పుడు మిత్తికి హద్దు గీసింది. మైక్రోఫైనాన్స్ ఆగడాల తర్వాత ఉమ్మడి రాష్ట్రం 2010లో తెచ్చిన ఆర్డినెన్సు, ఆ తర్వాతి చట్టం అసలును మించి మిత్తి వసూలు చేయరాదన్నాయి. రిజర్వు బ్యాంకు పరిధిలోని బ్యాంకేతర ఆర్థిక సంస్థలకు (ఎన్‌బీఎఫ్‌సీలకు) అది వర్తించదని తెలంగాణ హైకోర్టు 2023లో తేల్చింది. ఇరవై ఏళ్ల ఇంటి అప్పుకు అలాంటి హద్దు పెట్టమని మేము కోరడం లేదు. పెడితే దీర్ఘకాలపు అప్పులే పుట్టవు. హద్దు లేనప్పుడు వెలుగైనా ఉండాలి కదా అంటున్నాం.

జిల్లా కలెక్టర్ అధ్యక్షతన మూడు నెలలకోసారి బ్యాంకర్ల సంప్రదింపుల కమిటీ కూర్చుంటుంది. పంట రుణాల లక్ష్యం, స్వయం సహాయక సంఘాల లింకేజీ అంకెలు చదివి లేస్తారు. వచ్చే సమావేశంలోనే ఉమ్మడి కరీంనగర్, ఆదిలాబాద్ జిల్లాల కలెక్టర్లు శాఖల వారీగా రెండు అంకెలు అడగాలి. 2024 అక్టోబరు తర్వాత ఇచ్చిన ఇంటి అప్పుల్లో తెలుగు పత్రం అందినవెన్ని? రుణగ్రహీత సమ్మతి కాగితం లేకుండా గడువు పెరిగిన ఖాతాలెన్ని? సమాధానం చెప్పలేని శాఖల పేర్లు బయటపెట్టాలి, రిజర్వు బ్యాంకు అంబుడ్స్‌మన్‌కు రాయాలి. బాకీ పూర్తిగా తీరిన 30 రోజుల్లో ఇంటి కాగితాలు తిరిగి ఇవ్వాలని, తమ తప్పు వల్ల ఆలస్యమైతే రోజుకు 5,000 రూపాయలు చెల్లించాలని 2023 డిసెంబరు నుంచి నియమం ఉంది. దానిపైనా లెక్క అడగాలి.

ఆదిలాబాద్‌కు మరో మాట. ఉట్నూరు, ఇంద్రవెల్లి, జైనూరు వంటి ఏజెన్సీ మండలాల్లో 1/70 చట్టం భూమి గిరిజనేతరుల చేతుల్లోకి పోకుండా కట్టడి చేస్తుంది. 1940లలో ఇక్కడ తిరిగిన మానవశాస్త్రవేత్త హైమెండార్ఫ్, షావుకార్ల అప్పుల్లో గోండుల భూములు ఎలా పోయాయో రాశాడు. ఆ చట్టం ఎందుకు అవసరమో అంతకన్నా సాక్ష్యం అక్కర్లేదు. దాన్ని సడలించాలనే వాదనకు మేము వ్యతిరేకం. అయితే ఆ భూమి కుదువకు పనికిరాదని బ్యాంకు వెనక్కి పంపిన రైతు పత్తి వ్యాపారి దగ్గరికే పోతాడు. 2025 జనవరి నుంచి 2 లక్షల దాకా వ్యవసాయ అప్పుకు ఏ పూచీకత్తూ అడగకూడదు. అడుగుతున్న శాఖలను కమిటీ నిలదీయాలి. ‘అర్థమయ్యే భాష’ అంటే అక్కడ తెలుగు ఒక్కటే కాదు. మహారాష్ట్ర సరిహద్దు మండలాల్లో మరాఠీ, ఆదిలాబాద్ పట్టణంలో ఉర్దూ కూడా. జైనూరు గోండు రైతుకైతే పత్రం ఇచ్చి ఊరుకుంటే చాలదు. ఆ భాష వచ్చిన మనిషిని కూర్చోబెట్టి, మొత్తం ఎంత తిరిగి కట్టాలో చదివి వినిపించాకే వేలిముద్ర తీసుకోవాలి.