బడి తలుపు

పిల్లలూ! సర్కారు బడి ఎవరిది? "సర్కారుదే!" అని మీలో కొందరు చటుక్కున అంటారు. ఆ జవాబు సగమే సరి. ఊరివారందరి పన్నులతో నడిచే బడి ఊరి పిల్లలందరిదీ. ఇంత చిన్న మాటను ఒప్పించటానికి ఒక నగరంలో సైన్యం దిగవలసి వచ్చింది. ఆ కథ ఈ నెల చెబుతాను, వినండి.

అమెరికాలో ఆర్కన్సా అనే రాష్ట్రం ఉన్నది. దాని ముఖ్యపట్టణం లిటిల్ రాక్. ఆ నగరంలో ఇళ్ళ మధ్య, ఒక పేటలో, 1927లో పెద్ద హైస్కూలు కట్టారు. దానికి 15 లక్షల డాలర్లు ఖర్చయింది. చూడటానికి రాజభవనంలా ఉంటుంది. తరవాత దానికి సెంట్రల్ హైస్కూలు అనే పేరు స్థిరపడింది. కాని అందులో తెల్లజాతి పిల్లలకే ప్రవేశం. నల్లజాతి పిల్లలకు వేరే బడి. 1954లో ఆ దేశపు సుప్రీంకోర్టు, రంగునుబట్టి పిల్లలను వేరువేరు బడులలో ఉంచటం రాజ్యాంగానికి విరుద్ధమని తీర్పు చెప్పింది. 1957లో తొమ్మిదిమంది నల్లజాతి పిల్లలు సెంట్రల్ హైస్కూలులో చేరటానికి సిద్ధపడ్డారు.

వారిలో ఎలిజబెత్ ఎక్‌ఫర్డ్ అనే అమ్మాయికి 15 ఏళ్ళు. మొదటిరోజు కోసమని కొత్త గౌను కుట్టుకున్నది. సెప్టెంబరు 4న అందరూ కలిసి వెళ్ళాలని పెద్దలు ఏర్పాటు చేశారు. కాని ఎలిజబెత్ ఇంట్లో టెలిఫోను లేదు. ఆ కబురు ఆమెకు అందలేదు. ఒంటరిగానే బయలుదేరింది.

బడి ముందు తుపాకులు పట్టుకున్న సైనికులు! రాష్ట్ర గవర్నరు వారిని అక్కడ నిలిపాడు. వారు తెల్ల పిల్లలకు దారి ఇస్తున్నారు. తననుకూడా రానిస్తారనుకుని ఎలిజబెత్ దగ్గరకు వెళ్ళింది. వారు అడ్డంగా నిలబడ్డారు. వెనకనుంచి గుంపు తిడుతూ వెంటపడింది. ఆమె పరుగెత్తలేదు. నడిచి వెళ్ళి బస్సు ఆగే చోట బల్లమీద కూర్చున్నది. ఒక పత్రికా విలేఖరి వచ్చి పక్కన కూర్చున్నాడు. ఒక తెల్లజాతి మహిళ ఆమెను బస్సు ఎక్కించి, తానుకూడా వెంట వెళ్ళింది.

చివరకు అధ్యక్షుడు ఐసెన్‌హోవర్ కేంద్ర సైన్యాన్ని పంపాడు. సెప్టెంబరు 25న సైనికులు కాపలాగా వచ్చి ఆ తొమ్మిదిమందినీ తలుపు దాటించారు.

కథ కంచికి వెళ్ళిందనుకున్నారా? లేదు. సైనికుడు తరగతి గుమ్మందాకా రాగలడు. లోపల బల్లమీద పక్కన ఎవరు కూర్చోవాలో అతను చెప్పలేడు. పలకరించినవారు కొద్దిమందే, తోసినవారూ తిట్టినవారూ ఏడాది పొడుగునా ఉన్నారు. 1958 మే నెలలో ఎర్నెస్ట్ గ్రీన్ ఆ బడిలో చదువు పూర్తిచేసిన మొదటి నల్లజాతి విద్యార్థి అయినాడు. పట్టా కోసం అతని పేరు పిలిచినప్పుడు, అంతదాకా మోగిన చప్పట్లు ఆగిపోయినవి.

తరవాత ఏం జరిగిందో చూడండి. ఆ ఏడు గవర్నరు నగరంలోని ప్రభుత్వ హైస్కూళ్ళు నాలుగూ మూయించాడు. ఓటర్లలో ఎక్కువమంది సరేనన్నారు. 1958 నుంచి 1959 వరకు, ఒక విద్యాసంవత్సరమంతా, 3,600కు పైగా పిల్లలకు బడి లేదు. వారిలో నల్లవారూ ఉన్నారు, తెల్లవారూ ఉన్నారు. ఫుట్‌బాల్ పోటీలు మాత్రం ఆగలేదట! తొమ్మిదిమందికి అడ్డంగా వెయ్యబోయిన తలుపు చివరకు అందరి మొహానా పడింది. 1959 ఆగస్టులోగాని ఆ తలుపులు తిరిగి తెరుచుకోలేదు.

సెంట్రల్ హైస్కూలులో ఇప్పటికీ పాఠాలు జరుగుతున్నవి. 1998 నుంచి అది జాతీయ చారిత్రక స్థలం కూడా.

ఇదంతా ఎక్కడో దూరదేశపు మాట అనుకోకండి. మన దేశంలోనూ కులం పేరిట కొందరు పిల్లలను తరగతి బయటనే కూర్చోబెట్టిన రోజులు ఉన్నవి. తలుపు తెరవటం చట్టం పని. పక్కన చోటివ్వటం మాత్రం మీ పని.

కనుక ఈ నెల మీకొక పని. మీ తరగతిలో ఎవరి పక్కనా కూర్చోనివారు ఎవరో చూడండి. మధ్యాహ్నం అన్నం వేళ వారి పక్కన కూర్చుని తినండి. పెద్దలారా! సాయంత్రం పిల్లలు ఇంటికి వచ్చినప్పుడు, "ఎన్ని మార్కులు వచ్చినవి?" అని అడిగే ముందు, "ఈవేళ ఎవరి పక్కన కూర్చున్నావు?" అని అడగండి.