సాయిబంటే చార్మినారేనా?

మా గురించి సినిమా అనగానే కెమెరా నేరుగా చార్మినార్‌కే పోతుంది. నాచారం ఫ్యాక్టరీలో షిఫ్టు దిగొచ్చే సాయిబూ, ఉప్పల్‌లో మిషను కుట్టే బీబీ ఎవరికీ కనబడరు. ఎన్టీఆర్ రామకృష్ణ స్టూడియో కట్టింది నాచారంలోనే. సినిమా పక్క గల్లీలోనే ఉన్నా తెర మీది సాయిబు మాత్రం ఏళ్ల తరబడి 'నిమ్మల్కీ నమ్మల్కీ' అంటూనే ఉన్నాడు. ఇంట్లో ఉర్దూ, వీధిలో తెలుగు మాట్లాడే మేం ఏమయ్యాం?

దీపా ధన్‌రాజ్ వాళ్ల యుగాంతర్ బృందం ఇలా చేయలేదు. 1982 నాటి సినిమా కోసం నిపాణి పొగాకు కార్మికురాళ్ల మధ్యే ఉండి, వాళ్లు చెప్పింది విని, వాళ్ల సమ్మెను వాళ్లతోనే మళ్లీ ఆడించింది. 1983లో స్త్రీశక్తి సంఘటనతో కలిసి తెలుగులో 'ఇది కథ మాత్రమేనా' తీసింది. 1984 అల్లర్ల మీద దీప 1986లో తీసిన 'క్యా హువా ఇస్ షహర్ కో' వెనక హైదరాబాద్ ఏక్తా కార్యకర్తలున్నారు.

లోపలివాళ్లు కలిస్తే పక్షపాతం అంటారు సెక్యులర్ మిత్రులు. బయటినుంచి తీసిందంతా నిష్పక్షపాతమా? ఇంటి గుట్టు బజారున పెడతారా అని మా పెద్దలూ అడ్డం పడతారు. మా ఆడవాళ్లు కెమెరా ముందు తలాక్ గురించి మాట్లాడితే మజహబ్ కూలిపోదు, జనాబ్!

మా మీద తీసిన సినిమా ముందు మా బస్తీలో వేయండి. ఏ ముక్క కోసేయాలో అక్కడే చెప్తాం.