మూట మోసినోడికి జైలు - మూట కట్టించినోడికి?



విశాఖ మన్యం దిగే దారిలో చెక్‌పోస్టు. బస్సులోంచి ఒక కూలీని దించుతారు. కాళ్ళ దగ్గర గంజాయి మూట. ఆ రాత్రి పోలీసుస్టేషను, మర్నాడు రిమాండు, ఆపైన సెంట్రల్ జైలు. పేపర్లో ముసుగేసిన ఫోటో. ఆ మూటకి డబ్బు పెట్టినోడి పేరు ఆ వార్తలో ఎందుకుండదు? మూట అందుకోవాల్సినోడి పేరు ఎందుకుండదు?

ఒక మాట ముందే చెబుతున్నాం. గంజాయిని మేం వెనకేసుకు రావటం లేదు. సారా మన వాడల్ని తిన్నట్టే గంజాయి మన పిల్లల్ని తింటోంది. 2022 ఫిబ్రవరిలో అనకాపల్లి దగ్గర సుమారు 2 లక్షల కిలోల గంజాయిని పోలీసులు తగలబెట్టారు. మంచిదే. కానీ అంత సరుకూ కూలోడి డబ్బుతోనే పండిందా? డబ్బు పెట్టినోడికి కూడా చట్టంలో 27-ఎ సెక్షను ఉంది. 10 నుంచి 20 ఏళ్ళు శిక్ష ఉంది. దాన్ని ఎంతమంది షావుకార్ల మీద పెట్టారో పోలీసులు లెక్క చెప్పాలి.

ఇక బెయిలు సంగతి. మాదకద్రవ్యాల చట్టం 1985లో వచ్చింది. 1989లో దాని 37వ సెక్షన్ని ఉరితాడులా బిగించారు. గంజాయి 20 కిలోలు దాటితే, సర్కారు వకీలు వద్దన్నాక బెయిలివ్వాలంటే, జడ్జికి రెండు నమ్మకాలు కలగాలి. ఈ మనిషి నేరం చెయ్యలేదని అనుకోటానికి తగిన కారణాలుండాలి. బయటికొస్తే మళ్ళీ చెయ్యడనీ తోచాలి. విచారణ మొదలవలేదు. సాక్షి నోరు విప్పలేదు. అప్పుడే మనవాడు నిర్దోషిలా కనిపించాలట! ఛార్జిషీటు వెయ్యటానికి పోలీసులకి 180 రోజులు గడువు. చాలకపోతే కోర్టునడిగి ఏడాది దాకా పొడిగించుకోవచ్చు. ఆ ఏడాదీ ఆ ఇంట్లో పొయ్యి ఎలా వెలుగుతుందో అడిగేవాడు లేడు.

కాబట్టి తూకం దగ్గరే బతుకు తేలిపోతుంది. చట్టం గంజాయి అనేది పూత, కాయ ఉన్న కొమ్మల కొసల్ని. కొసలు లేకుండా వట్టి ఆకు, వట్టి గింజ ఉంటే అది గంజాయి కిందికి రాదు. మరి తూకం వేసేటప్పుడు ఆకూ, కాడా, గోనెసంచీ కలిపి కాటా మీద పెడితే? 18 కిలోలు 21 అవుతుంది. ఆ మూడు కిలోల తేడాతో కనీస శిక్ష పదేళ్ళకి పోతుంది, బెయిలు తలుపు మూసుకుంటుంది. 20 కిలోల లోపయితే ఈ 37 బిగింపు వర్తించదు. ఈ సంగతి మన పల్లెల్లో ఎందరికి తెలుసు?

సోదా సంగతి చూడండి. 50వ సెక్షను ప్రకారం ఒంటిమీద సోదా చేసేముందు, గజిటెడ్ అధికారి ముందో మేజిస్ట్రేటు ముందో సోదా చేయించుకునే హక్కు నీకుందని చెప్పాలి. ఆడవాళ్ళని ఆడవాళ్ళే సోదా చెయ్యాలి. ఆ హక్కు సంగతి చెప్పితీరాలని సుప్రీంకోర్టులో అయిదుగురు జడ్జీలు 1999లో ఒకసారి, 2010లో ఇంకోసారి అన్నారు. బాగుంది. కానీ ఈ రక్షణ ఒంటికే గానీ చేతిలో సంచికి లేదని అదే కోర్టు 2005లో అంది, 2023లోనూ అంది. మనవాడు మోసేది మూట! చొక్కా జేబుకి రక్షణ ఉంది, నెత్తిమీద బరువుకి లేదు.

అరెస్టయినవాడికి కారణం చెప్పాలి, వకీలుని కలవనివ్వాలి, 24 గంటల్లో మేజిస్ట్రేటు ముందు నిలబెట్టాలి. ఈ మాటల్ని 1949 సెప్టెంబరులో రాజ్యాంగసభ ముందు పెట్టింది బాబాసాహెబ్ అంబేద్కరే. అవే ఇప్పటి 22వ అధికరణం. మనవాళ్ళ కోసం రాసిన మాటలు మనవాళ్ళ దాకా రాకుండా ఎవరు ఆపుతున్నారు?

సరే, ఎట్లాగో బెయిలొచ్చింది. అప్పుడు జామీను అడుగుతారు. భూమి కాగితాలు తెమ్మంటారు. సెంటు భూమి లేనోడు ఏం తేవాలి? 1978లోనే ఒక తాపీమేస్త్రీ కేసులో జస్టిస్ కృష్ణయ్యర్ దీన్ని తప్పుపట్టారు. వేరే జిల్లా జామీనుదారుడని కాదనటం చెల్లదన్నారు. బెయిలొచ్చిన నెల దాకా జామీను కట్టలేకపోతే కోర్టే షరతులు సడలించే విషయం చూడొచ్చని 2023 జనవరిలో సుప్రీంకోర్టు చెప్పింది. విచారణ విపరీతంగా సాగితే 37వ సెక్షను కూడా బెయిలుకి అడ్డు కాదని అదే ఏడాది అంది. అయినా 2022 లెక్కల్లో దేశంలోని ఖైదీల్లో ప్రతి నలుగురిలో ముగ్గురు శిక్షపడని విచారణ ఖైదీలే.

కార్యకర్తలారా, ఈ నాలుగు పనులూ చేయండి.

1. ఎవర్ని పట్టుకున్నా ఏ రోజు, ఏ వేళ, ఎక్కడ పట్టుకున్నారో వెంటనే రాసిపెట్టండి. చూసినోళ్ళ పేర్లు రాసుకోండి.

2. తెల్లకాగితం మీద సంతకం, వేలిముద్ర వద్దని ఊరూరా చెప్పండి. పోలీసుల ముందు ఒప్పుకున్నానని రాయించుకున్నది నేరానికి రుజువు కాదు.

3. షెడ్యూల్డు కులాలు, తెగలవారికి, ఆడవాళ్ళకి, జైల్లో ఉన్న ఎవరికైనా ఉచిత వకీలుని 1987 చట్టం ఇస్తుంది. జిల్లా న్యాయసేవాధికార సంస్థలో మొదటిరోజే అర్జీ పెట్టండి.

4. పంచనామా నకలు తీసుకోండి. తూకం ఎట్లా వేశారో, మేజిస్ట్రేటు ఎదుట నమూనా తీశారో లేదో వకీలు చేత అడిగించండి.

మేం డిమాండ్ చేస్తున్నాం: ఆకూ గోనే తీసేసి తూకం వెయ్యాలి. సంచి సోదాకీ 50వ సెక్షను రక్షణ ఇవ్వాలి. నిర్దోషినని ముందే చూపించుకోమనే 37వ సెక్షన్ని ఎత్తెయ్యాలి. భూమి లేనివాడికి సొంత పూచీకత్తు మీదే బెయిలివ్వాలి. మూట దొరికిన ప్రతి కేసులోనూ డబ్బు పెట్టినోడెవడో తేల్చాలి.

మన మెడలో ముంత పోయింది, నడుముకి చీపురు పోయింది. ఇప్పుడు నెత్తికి మూట ఎత్తారు. ఆ మూటని మనమే దించాలి. ఎత్తినోడెవడో కూడా మనమే అడగాలి.

జై భీమ్!