అప్పు పుట్టని కథ

సినిమాలో నవాబుకైతే అప్పు పుడుతుంది. షేర్వానీకి, ముషాయిరాకి, నకాబు చాటు కళ్ళకి పెట్టుబడి ఎన్నడూ తక్కువ కాలేదు. 'చౌద్‌వీఁ కా చాంద్' (1960), 'మేరే మెహబూబ్' (1963), 'పాకీజా' (1972)... వీటికి 'ముస్లిం సోషల్' అని పేరు కూడా పెట్టారు. పాటలు మేమూ పాడుకున్నాం, కాదనం. కానీ ఆ హవేలీల్లో కిరాయి ఇల్లు దొరకని సాయిబు ఒక్కడైనా ఉన్నాడా?

ఆ సాయిబు కథకి డబ్బెవరు పెట్టారన్నదే నా ప్రశ్న. 'గరమ్ హవా' అనగానే ఎం.ఎస్. సత్యు అంటాం, బల్‌రాజ్ సాహ్ని అంటాం, కైఫీ, ఇస్మత్ చుగ్తాయ్ అంటాం. ఇషాన్ ఆర్య అని ఎవరమైనా అన్నామా? ప్రకటన చిత్రాలు తీసుకునే మనిషి. కెమెరా పట్టింది ఆయనే, అబూ సివానీ, సత్యులతో కలిసి నిర్మాతగా నిలబడ్డదీ ఆయనే. (ఈ పేర్లలో మతం వెతక్కండి. వెతకడం వాళ్ళ అలవాటు.)

నిర్మాత అంటే నోట్లసంచి అనుకునేవాళ్ళు ఈ లెక్క చూడాలి. ఫిల్మ్ ఫైనాన్స్ కార్పొరేషన్ అప్పు 2.5 లక్షలు. మిగతాది చేబదుళ్ళు. కెమెరా హోమీ సేఠ్నా అనే స్నేహితుడు ఊరికే ఇచ్చాడు. రికార్డింగు సామానుకి డబ్బుల్లేక ఆగ్రాలో మూగగా తీసి, తర్వాత మాటలు కలిపారు. అల్లరి చేసేవాళ్ళని దారి మళ్ళించడానికి ఫిలిం లేని కెమెరాతో ఇంకో చోట ఉత్తుత్తి షూటింగ్ నడిపారు. ఇదంతా నిర్మాణమే. తెరమీద కనపడదు.

ఆ కథలో చెప్పుల కార్ఖానా సలీం మీర్జాకి అప్పు పుట్టదు. రేపు పాకిస్తాన్ పోతే ఎవడు కడతాడంటారు. అప్పు కోసం గడప గడపా తిరగడం తెరమీద మీర్జాకీ తప్పలేదు, తెరవెనక వీళ్ళకీ తప్పలేదు. తీరా తీశాక గొడవలవుతాయని సెన్సారు నెలల తరబడి ఆపింది. 1974లో విడుదలైంది. జాతీయ సమైక్యత బహుమతి ఇచ్చారు! ఆపిందీ సర్కారే, మెచ్చిందీ సర్కారే.

ఇక మన సంగతి. 'ముత్యాలముగ్గు' (1975) చూసి తెలుగుదనమంటే ఇదీ అని మురిసిపోయాం. బాపు గీత, రమణ మాట, సరే. ఆ వెలుగెవరిది? ఆగ్రా గల్లీలో మీర్జా ముఖాన్ని పట్టుకున్న ఇషాన్ ఆర్యది. జాతీయ అవార్డు కూడా ఆయనకే వచ్చింది. హైదరాబాదు ఆడపిల్లల్ని పెళ్ళి పేరుతో గల్ఫ్ డబ్బుకి అమ్మడం మీద వచ్చిన 'బాజార్' (1982)కీ కెమెరా ఆయనదే. వాకిట్లో ముగ్గునీ పాతబస్తీ గాయాన్నీ చూసింది ఒకే కన్ను. మరి మీ తెలుగుదనంలో ముగ్గుకే చోటెందుకు? తెలుగు తెరమీద మేం వచ్చీరాని తెలుగుతో నవ్వించాలి, లేదా బాంబు పెట్టాలి, మరీ దయ కలిగితే హీరో కోసం చచ్చిపోవాలి.

'గరమ్ హవా' వచ్చి యాభై ఏళ్ళు దాటింది. టులెట్ బోర్డు చూసి తలుపు తడితే, పేరడిగి, 'ఇప్పుడే ఇచ్చేశామండీ' అనడం మాకింకా తప్పలేదు. ఆ తలుపు ముందు నిలబడ్డవాడి కథకి తెలుగులో అప్పుచేసి నిలబడే నిర్మాత ఎవరో చెప్పండి.